ఛాయ ఎవరిది?

తెలుగులో 'ఛాయ' అనే మాటకి ఉన్న అర్థాలు చూస్తే ఆశ్చర్యం వేస్తుంది. నీడ అన్నా ఛాయే, ఒంటిరంగు అన్నా ఛాయే. ఫొటోని ఛాయాచిత్రం అన్నాం. కెమెరా పట్టుకున్నవాడిని ఛాయాగ్రాహకుడు అన్నాం, అంటే ఛాయని పట్టుకునేవాడని. పెళ్ళిచూపులకి ముందు 'పిల్ల చామనఛాయ' అని గొంతు తగ్గించి చెప్పేదీ ఆ మాటతోనే. వెలుగు, దేహం, ఆ దేహానికి లోకం కట్టే విలువ, మూడూ ఒకే మాటలో ముడిపడి ఉన్నాయి. ఈ ముడిని విప్పకుండా స్త్రీ దేహం మీద పడే వెలుగు గురించి మాట్లాడటం కుదరదనిపిస్తుంది నాకు.

కొన్నేళ్ళుగా నేను ఒక తరహా సినిమాలని వెతికి వెతికి చూస్తున్నాను. రెండు మూడు నిమిషాల నుంచి పావుగంట దాకా ఉండే చిన్న సినిమాలు. వాటిలో కథ ఉండదు, మాటలు ఉండవు. నాట్యం చేసే ఒక దేహం, దాని మీద పడే వెలుగు, ఆ రెంటినీ పట్టుకునే కెమెరా, అంతే. సాహిత్యంలో పరిశోధన చేసినదాన్ని కనక మాటల్లేని ఈ సినిమాల దగ్గరికి కొంత జంకుతోనే వెళ్ళాను. చూడగా చూడగా ఒక సంగతి అర్థమైంది. వీటిలో చాలావాటిలో వెలుగు దేహాన్ని కరిగించేస్తుంది. ముఖం పోతుంది, వయసు పోతుంది, చర్మం పోతుంది. చివరికి ఒక గీతో, ఒక అలో, ఒక మెరుపో మిగులుతుంది. చూస్తున్నంతసేపూ ఊపిరి బిగబట్టి చూస్తాను. అయిపోయాక ఒక ప్రశ్న మాత్రం వదలదు. ఆ దేహం ఆడదానిదైనప్పుడు, అది అలా వెలుగైపోవడం విముక్తా, మాయమైపోవడమా?

స్త్రీవాదులకి ఈ ప్రశ్న కొత్తది కాదు. లారా మల్వీ 1975లో రాసిన ప్రసిద్ధ వ్యాసంలో సినిమా చూపు మగచూపుగా ఎలా తయారైందో విప్పి చెప్పింది. తెర మీద మగవాడు పనిచేస్తాడు, ఆడది చూడబడుతుంది. కెమెరా ఆమెని ముక్కలు చేసి, కళ్ళనీ పెదవులనీ నడుమునీ విడివిడిగా వడ్డిస్తుంది. మన తెలుగు సినిమా పాట చూసినవాళ్ళకి ఈ మాట వేరే వివరించక్కర్లేదు. మరి ఆ చూపు నుంచి తప్పించుకోవడం ఎలా? ఒక దారి ఉంది. చూడటానికి దేహమే దొరక్కుండా చేయడం. బొడ్డు చుట్టూ తిరిగే కెమెరాకి బొడ్డే లేకుండా, వెలుగు మాత్రమే మిగిలితే ఏం చేస్తుంది? ఈ వాదంలో బలం ఉంది. కానీ దీని చరిత్ర వెనక్కి వెళ్ళి చూస్తే చిక్కు అక్కడే మొదలైందని తెలుస్తుంది.

1862లో అమెరికాలోని ఇల్లినాయ్ రాష్ట్రంలో పుట్టిన లోయీ ఫుల్లర్ అనే ఆమె ఈ దారిలో మొదట నడిచింది. ఆమెకి నాట్యంలో పెద్ద శిక్షణ లేదు. గజాల కొద్దీ పల్చటి పట్టుబట్టతో అంగీ కుట్టించుకుని, చేతుల పొడవు పెంచడానికి ఆ బట్టలోపల కర్రలు అమర్చుకుని, వాటిని తిప్పుతూ నాట్యం చేసేది. ఆ బట్ట మీద రంగురంగుల విద్యుద్దీపాలు పడేవి. చీకటి వేదిక మీద పువ్వు విచ్చినట్టు, మంట లేచినట్టు, సీతాకోకచిలుక రెక్క విప్పినట్టు కనిపించేది. దీన్ని సర్పనృత్యం అన్నారు. నాట్యకత్తె కాళ్ళు చూడటానికే టిక్కెట్టు కొనే కాలం అది. ఆ కాలంలో ఫుల్లర్ తన దేహాన్ని దాచేసి వెలుగుని చూపించింది. 1892లో పారిస్‌లో ఫోలీ బెర్జేర్ వేదిక ఎక్కి ఊరంతటినీ ఒక్క ఊపు ఊపింది.

అదే 1892లో ఇంకో సంగతి జరిగింది. న్యూయార్క్‌లో మరో నాట్యకత్తె తన నాట్యాన్ని కాపీ కొడుతోందని ఫుల్లర్ కోర్టుకి వెళ్ళింది. కోర్టు ఆమెకి అనుకూలంగా చెప్పలేదు. ఈ నాట్యంలో కథ లేదు, పాత్ర లేదు, ఒక భావాన్ని చెప్పడం లేదు, కనక దీన్ని నాటకరచనగా గుర్తించి హక్కు ఇవ్వలేం అంది. కదలిక ఎంత అందంగా ఉన్నా ఉత్త కదలికే అన్నమాట. మన శాస్త్ర పరిభాషలో చెప్పుకుంటే నృత్యం ఒకరి సొత్తు కావచ్చు, నృత్తం ఎవరి సొత్తూ కాదు. పదం అభినయిస్తే అది సృష్టి, జతి వేస్తే అది వ్యాయామం! అమెరికా చట్టంలో నాట్యరచన అనే మాట విడిగా చేరడానికి 1976 దాకా పట్టింది. ఇక్కడ నాకు విచిత్రంగా తోచేది ఏమిటంటే, 1894లో ఆ అంగీకీ కర్రలకీ కలిపి ఆమె పేరున పేటెంటు వచ్చింది. బట్టకి హక్కు దొరికింది. ఆ బట్టని ఆడించిన చేతుల విద్యకి దొరకలేదు.

దాని ఫలితం సినిమాలో చూడొచ్చు. సినిమా అప్పుడే పుడుతోంది. ఎడిసన్ కంపెనీ 1894-95 కాలంలో న్యూజెర్సీలోని తన స్టూడియోలో సర్పనృత్యాన్ని తీసింది. నాట్యం చేసింది ఫుల్లర్ కాదు, అన్నాబెల్ అనే పదహారు పదిహేడేళ్ళ అమ్మాయి. ఫిల్ము మీద ఒక్కో ఫ్రేముకీ చేత్తో రంగులు అద్దారు. తర్వాత కొద్దికాలానికే లూమియేర్ కంపెనీ ఇంకో సర్పనృత్యాన్ని తీసింది. అందులో రంగులు మారుతూ గిరగిరా తిరిగే ఆ స్త్రీ ఎవరో ఇవాళ్టికీ ఖాయంగా తెలియదు. చాలామంది ఆమెని ఫుల్లరే అనుకుంటూ చూస్తారు. దాదాపు ఒక నిమిషం పాటు చేతులు నొప్పెట్టేలా ఆ కర్రలు తిప్పిన మనిషి అలా ఉత్త వెలుగుగా మిగిలిపోయింది. ఇక్కడ మగచూపు ఆమెని ముక్కలు చేయలేదు, నిజమే. కానీ పేరు పోయింది, ఒళ్ళు పడ్డ కష్టం పోయింది. దేహం కనిపించకపోతే దోపిడీ ఆగుతుందనుకోవడం తొందరపాటు అని నాకు మొదట చెప్పింది ఆ నిమిషం ఫిల్మే.

మరి ఇంకో రకంగా చేసినవాళ్ళు లేరా? ఉన్నారు. మాయా డెరెన్ 1917లో కీవ్‌లో పుట్టి, చిన్నప్పుడే తల్లిదండ్రులతో అమెరికా చేరింది. ఆమె కూడా సాహిత్య విద్యార్థినే. 1939లో స్మిత్ కాలేజీలో ఇంగ్లీషు సాహిత్యంలో ఎం.ఏ. చేసింది. తర్వాత కొంతకాలం నల్లజాతి నాట్యాచార్యురాలు కేథరిన్ డన్‌హమ్ దగ్గర కార్యదర్శిగా పనిచేసింది. ఆ బృందంలోని యువ నర్తకుడు టాలీ బీటీతో 1945లో 'ఎ స్టడీ ఇన్ కొరియోగ్రఫీ ఫర్ కెమెరా' తీసింది. మూడు నిమిషాలు కూడా లేని మూగ సినిమా. అడవిలో కెమెరా చుట్టూ తిరుగుతుంది, చెట్ల మధ్య బీటీ ఒకచోట కనిపించి, మరికాస్త తిరిగేసరికి ఇంకోచోట కనిపిస్తాడు. అడవిలో పైకెత్తిన కాలు గదిలో దిగుతుంది. మ్యూజియంలో గిరగిరా తిరుగుతాడు, మొదట మెల్లిగా, పోనుపోను కళ్ళకి అందనంత వేగంగా. చివర ఒక గెంతు. లేవడం, గాల్లో తేలడం, దిగడం, ఇలా విడివిడిగా తీసిన ముక్కలని అతికి ఏ మనిషికీ సాధ్యం కానంతసేపు అతన్ని గాల్లో ఉంచింది డెరెన్.

ఆ గెంతు ఎవరిది? బీటీ ఒక్కడూ అంతసేపు గాల్లో ఉండలేడు. డెరెన్ కత్తెర ఒక్కటే గెంతలేదు. సినిమా మొదట్లో పేర్ల పలక మీద మాయా డెరెన్, టాలీ బీటీ అని ఇద్దరి పేర్లూ పక్కపక్కన ఉంటాయి, ఇద్దరూ కలిసి చేసినదిగా. 1945 నాటి అమెరికాలో ఒక నల్లజాతి నర్తకుడిని సినిమాకి సహకర్తగా రాయడం చిన్న విషయం కాదు. ఇందులోనూ వెలుగు ఉంది, మాయ ఉంది, అసాధ్యమైన దేహం ఉంది. అయినా బీటీ మాయం కాలేదు. అతని వీపు కండరం బిగుసుకోవడం, చెయ్యి విచ్చుకోవడం మనకి తెలుస్తూనే ఉంటుంది. అంటే చిక్కు వెలుగుతో కాదు, ఆ వెలుగు వేసినవాళ్ళకీ దాని కింద నిలబడినవాళ్ళకీ మధ్య ఉన్న సంబంధంతో అని ఇక్కడ నాకొక ఆధారం దొరికింది.

అయితే డెరెన్ దగ్గర కూడా అన్నీ సులువుగా తేలవు. 1946లో ఆమె తీసిన 'రిచువల్ ఇన్ ట్రాన్స్‌ఫిగర్డ్ టైమ్' చివర్లో ఒక దృశ్యం ఉంది. ఆ సినిమాలో డెరెన్, రీటా క్రిస్టియానీ అనే నర్తకి ఒకరిలోకి ఒకరు మారుతుంటారు. నల్లబట్టల్లో ఉన్న వితంతువు నీళ్ళలోకి దిగిపోతుంది. అప్పుడు డెరెన్ ఫిల్ముని నెగెటివ్‌లో చూపిస్తుంది. నలుపు తెలుపవుతుంది. వితంతువు పెళ్ళికూతురవుతుంది. ఒక్క రసాయనిక కిటుకుతో స్త్రీ స్థితినే తిరగేసిందని విమర్శకులు మెచ్చుకునే దృశ్యం. నేనూ తరగతిలో అలాగే చెబుతూ వచ్చాను.

ఒక సాయంత్రం ఇంట్లో ఇది చూస్తుంటే మా అమ్మ పక్కన వచ్చి కూర్చుంది. అయిపోయాక, "పాపం, చిన్నపిల్లే, మొగుడు పోయాడా?" అంది. "కాదమ్మా, ముందు వితంతువు, చివరికి పెళ్ళికూతురైంది" అన్నాను. అమ్మ నావైపు వింతగా చూసింది. "పెళ్ళికూతురేమిటే! తెల్లచీరలోకి మారింది కదా. మా పెద్దత్తయ్యని అలాగే చూశాను నేను. ముందురోజు దాకా ఎర్రంచు చీర, తెల్లారేసరికి తెల్లపంచె" అంది. తర్వాత లేచి పాలు కాచడానికి వెళ్ళిపోయింది.

నేను మళ్ళీ వెనక్కి వెళ్ళి ఆ దృశ్యం చూశాను. అమ్మ చూసినది తప్పు అనలేకపోయాను. నలుపు శోకం, తెలుపు పెళ్ళి అనేది ఆ సమాజం రాసుకున్న నిఘంటువు. మన ఇళ్ళలో తెలుపు ఎవరిమీద ఎలా కప్పారో మనకి తెలుసు. నెగెటివ్ చేసేది వెలుగునీ చీకటినీ తారుమారు చేయడం వరకే. అందులో ఏది విముక్తో ఫిల్ముకి తెలియదు. అక్కడ విడుదలైన స్త్రీ ఇక్కడ బందీ అయింది. కాంతి విశ్వభాష అనీ, నాట్యానికి అనువాదం అక్కర్లేదనీ మనం తేలిగ్గా అనేస్తుంటాం. తెలుపు అనే ఒక్క మాటని అనువదించడానికే మా అమ్మ జ్ఞాపకం మొత్తం కావలసి వచ్చింది.

ఫిల్ముకి ఏమీ తెలియదన్నాను కానీ, దానికి నేర్పినవాళ్ళ సంగతి వేరు. ఇరవయ్యో శతాబ్దం మధ్య నుంచి దశాబ్దాల పాటు కోడక్ రంగు ఫొటోలు కడిగే లాబ్‌లలో రంగులు సరిచూడటానికి ఒక ప్రమాణపు ఫొటో వాడేవాళ్ళు. దాన్ని షర్లీ కార్డు అనేవాళ్ళు. అందులో ఉండేది తెల్లజాతి స్త్రీ. ఆమె చర్మం సరిగ్గా వస్తే ఫొటో సరిగ్గా వచ్చినట్టు. ముదురు రంగు ముఖాలు అందులో మసకబారేవి, కళ్ళూ పళ్ళూ మాత్రమే మెరిసేవి. కెనడా పరిశోధకురాలు లోర్నా రాత్ దీని గురించి వివరంగా రాసింది. ఆ సంస్థ తన ఫిల్ముని మార్చుకునేటప్పుడు చాక్లెట్ల, చెక్కసామాన్ల వ్యాపారుల ఫిర్యాదులు పనిచేశాయని ఆమె చెబుతుంది. అంటే వెలుగు పడకముందే ఎవరి చర్మం వెలగాలో తేలిపోయి ఉంది. మన సినిమాల్లో చామనఛాయ పిల్ల ముఖం మీద ఎన్ని పొరల పౌడరు పడుతుందో తలుచుకుంటే ఇదంతా దూరదేశపు కబురనిపించదు.

ఇక అందరూ చూసి తీరాలని చెప్పే సినిమా ఒకటుంది. నార్మన్ మెక్‌లారెన్ కెనడా జాతీయ చలనచిత్ర సంస్థలో 1968లో తీసిన 'పా ద దూ'. పదమూడు నిమిషాలు. మార్గరెట్ మెర్సియర్, విన్సెంట్ వారెన్ అనే ఇద్దరు బాలే కళాకారులు తెల్లబట్టలు వేసుకుని నల్లటి గదిలో నాట్యం చేస్తారు. వెలుగు అంచుల మీద మాత్రమే పడేలా దీపాలు పెట్టారు. అందువల్ల దేహం నిండుగా కాక, ఒక తెల్ల గీతలా కనిపిస్తుంది. తర్వాత ఒకే కదలికని కాస్త కాస్త ఆలస్యంతో పదకొండు సార్ల దాకా ఒకే ఫిల్ము మీద ముద్రించారు. చెయ్యి ఎత్తితే విసనకర్ర విప్పినట్టు పది చేతులు లేస్తాయి. గడిచిపోయిన క్షణం గడిచిపోకుండా అక్కడే నిలిచి ఉంటుంది. కాలాన్ని కళ్ళతో చూడగలిగానని నాకనిపించిన సినిమా ఇదొక్కటే.

అయినా చూసిన ప్రతిసారీ రెండు విషయాలు గుచ్చుకుంటాయి. మొదటి భాగంలో ఆమె ఒక్కతే. నేల మీద నుంచి లేస్తుంది. ఆమెలోంచి ఇంకో ఆమె లేస్తుంది. తనని తాను చూసుకుంటుంది, తనతో తాను ఆడుకుంటుంది. అప్పుడు మగవాడు వస్తాడు. ఆమె వెనకాడుతుంది, అతను చేరువవుతాడు, ఇద్దరూ కలిసి పెద్ద పువ్వులా విచ్చుకుంటారు. దేహాలు గీతలైపోయినా కథ మాత్రం పాతదే మిగిలింది. ఆడదాని ఏకాంతం ఒక ఎదురుచూపు, మగవాడి రాక దాని ముగింపు. చర్మం తీసేసినంత మాత్రాన పితృస్వామ్యం ఊడిపోదు. రెండోది బరువు. అందులో ఎవరికీ బరువు లేదు. ఆమెని పైకెత్తినప్పుడు అతని మోకాలు వణకదు. ఆమె కాలివేళ్ళ నొప్పి మనకి చేరదు. ఒక ఆడమనిషి ఏళ్ళ తరబడి వేళ్ళు కమిలిపోయేలా చేసిన సాధన ఆ గీత వెనక ఉంది. గీత ఎంత అందంగా ఉంటే ఆ సాధన అంత కనిపించకుండా పోతుంది.

ఈ ఆలోచనలన్నీ నాకు పుస్తకాల మీదుగానే వచ్చి ఉంటే ఇంత పట్టించుకునేదాన్ని కాదేమో. కూచిపూడి చేసే నా స్నేహితురాలు ఒకామె రెండేళ్ళ కిందట ఒక చిన్న సినిమాలో నాట్యం చేసింది. తీసినది ఒక యువకుడు, తెలివైనవాడు, స్త్రీల మీద గౌరవం ఉన్నవాడే. మూడు రాత్రులు చీకటి హాల్లో ఆమె ఒంటి మీద ప్రొజెక్టర్‌తో నీళ్ళూ ఆకులూ మంటలూ వేస్తూ తీశాడు. ఆరు నిమిషాల ఆ సినిమా నిజంగా బాగుంది. అందులో ఆమె ముఖం ఎక్కడా లేదు. టైటిల్స్‌లో ఆమె పేరూ లేదు. నాలుగు మాటలు రాసిపెట్టమని అతను నా దగ్గరికి వచ్చాడు.

పేరు సంగతి అడిగాను. "కావాలనే వేయలేదక్కా. పేరు వేస్తే ఆమె ఒక మనిషి అయిపోతుంది. నాకు ఏ మనిషీ కాని దేహం కావాలి. అప్పుడే ప్రతి ఆడదీ అందులో తనని చూసుకుంటుంది" అన్నాడు. ఆ మాట నేను కొట్టిపారేయలేదు. పేరూ కులమూ ఊరూ వయసూ అడగకుండా ఒక దేహాన్ని చూడటం ఈ దేశంలో ఎంత అరుదో నాకు తెలుసు. టైటిల్స్‌లో ఇంటిపేరు కనబడగానే కులం లెక్కలు వేసే ప్రేక్షకులం మనం. కానీ అతని పేరు మొదటి ఫ్రేములోనే ఉంది. దీపాలు వేసినవాళ్ళ పేర్లున్నాయి. విశ్వజనీనం కావలసిన బాధ్యత ఆమె ఒక్కదాని మీదే ఎందుకు పడింది?

ఆమెని అడిగితే ఇంకోలా చెప్పింది. "ముఖం లేకపోతే నాకేం బాధ లేదే. ఒక విధంగా హాయిగా ఉంది, ఎవరూ నా నడుము చూడలేదు. కానీ నేను కట్టిన జతిని మధ్యలో కోసేసి తలకిందులు చేశాడు. ముక్తాయింపు పోయింది. నా అడుగు నేలకి తగలడానికి ముందే దృశ్యం మారిపోయింది. అందులో నా చీర ఉంది, నా తాళం లేదు." పేరు కంటే తాళం పోయిందని ఆమె దుఃఖం. నేను అంతవరకూ పేరు దగ్గరే ఆగిపోయి ఆలోచిస్తున్నాను. గుర్తింపు అంటే టైటిల్స్‌లో ఒక వరుస కాదు. ఆ నాట్యం ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తుందో చెప్పే అధికారం. నేను ఆ నాలుగు మాటలూ ఆమె చెప్పిన ఈ మాటలతోనే రాసి ఇచ్చాను. అతను వాటిని వాడుకోలేదు. కొంతకాలం తర్వాత ఆమె పేరు మాత్రం చేర్చాడు.

మన చట్టం కూడా ఇక్కడిదాకా మెల్లిగానే వచ్చింది. 1957 కాపీరైటు చట్టం నాట్యరచనని గుర్తించింది, కాకపోతే అది ఏదో ఒక రూపంలో నమోదై ఉండాలంది. గురువు నుంచి శిష్యురాలికి ఒంటి ద్వారానే వచ్చే విద్యకి ఆ నిబంధన ఎంత పరాయిదో చెప్పక్కర్లేదు. 1994 సవరణతో ప్రదర్శించే కళాకారులకి హక్కులు వచ్చాయి, అందులో నర్తకులూ ఉన్నారు. 2012 సవరణతో తన ప్రదర్శనకి తన పేరు చెప్పుకునే హక్కు, తన పేరుకి భంగం కలిగేలా దాన్ని వికృతం చేస్తే అడ్డుకునే హక్కు వచ్చాయి. హక్కుంది. అడిగితే మళ్ళీ పిలుస్తారో లేదో అనే భయమూ ఉంది.

ఇక్కడ ఒక అభ్యంతరం రావచ్చు. అయితే స్త్రీ దేహం ముఖంతో, పేరుతో, బరువుతో పూర్తిగా కనిపిస్తే చాలా? కనిపించడం వల్ల మన దగ్గర ఏం జరిగిందో కళావంతుల చరిత్ర చూస్తే తెలుస్తుంది. గోదావరి జిల్లాల్లో ఊరందరూ పేరుపేరునా ఎరిగిన నర్తకులు వాళ్ళు. చూసినంతకాలం చూసి, ఆ దేహాలే అవమానం అని తేల్చారు. ముత్తులక్ష్మీరెడ్డి 1930లో తెచ్చిన బిల్లు నుంచి 1947 నాటి మద్రాసు దేవదాసీ చట్టం దాకా జరిగిన ప్రయత్నం వెనక చిన్నపిల్లలని కాపాడాలన్న నిజమైన ఆవేదన ఉంది. కానీ ఆ ఊపులో మేళాలు ఆగిపోయాయి, నాట్యం మాత్రం 'శుద్ధి' అయి వేరే ఇళ్ళకి చేరింది. శుద్ధి అంటే ఏమిటి? దేహాన్ని తగ్గించి భక్తిని పెంచడం. చర్మం తీసేసి వెలుగు మిగల్చడం. అందుకే 'దేహాన్ని దాటిన నాట్యం' అని ఎవరైనా అన్నప్పుడు, దాటేసింది ఎవరి దేహాన్ని అని అడగాలనిపిస్తుంది.

బాలసరస్వతి ఈ శుద్ధిని జీవితాంతం ఒప్పుకోలేదు. ఆమెది దేవదాసీ పరంపర. ఆమె అమ్మమ్మ వీణ ధనమ్మాళ్ ఇంట్లో క్షేత్రయ్య తెలుగు పదాలు తరతరాలుగా బతికాయి. శృంగారాన్ని కడిగేయనక్కర్లేదని, నాట్యానికి అదే ప్రాణమని ఆమె వాదించింది. 1976లో సత్యజిత్ రే ఆమె మీద 'బాల' అనే 33 నిమిషాల డాక్యుమెంటరీ తీశాడు. ఇది నేను చెబుతున్న ప్రయోగాల కోవలోది కాదు. పైగా చాలామందికి అందులో కెమెరా మరీ ముభావంగా ఉన్నట్టనిపిస్తుంది. సముద్రం ఒడ్డున 58 ఏళ్ళ స్త్రీ అభినయిస్తుంటుంది. గాలికి చీర ఎగురుతుంటుంది, ఆమె ఆపదు. మామూలు పగటి వెలుగు. ఆ ఒళ్ళు కాస్త బరువెక్కింది, ముఖం మీద ఏళ్ళు కనిపిస్తున్నాయి. కెమెరా ఆమెని కోయదు, తిప్పదు, కరిగించదు. ఎప్పుడు ముగించాలో ఆమే చెబుతుంది. ప్రయోగం అన్నమాటకి ఇది సరిగ్గా వ్యతిరేకం అనిపిస్తుంది కానీ, స్త్రీ ముగించేదాకా కెమెరా ఆగడం కూడా ఆ రోజుల్లో ప్రయోగమే.

దీనికి పూర్తిగా ఇంకో కొసన యివాన్ రైనర్ ఉంది. అమెరికా నర్తకి, తర్వాత సినిమా దర్శకురాలు. 1966లో పెద్ద ఆపరేషన్ అయి ఆసుపత్రిలో ఉన్నప్పుడు ఆమె 'హ్యాండ్ మూవీ' చేసింది. విలియం డేవిస్ అనే సాటి నర్తకుడు కెమెరా పట్టుకున్నాడు. కొన్ని నిమిషాల పాటు ఆమె చెయ్యి ఒక్కటే కనిపిస్తుంది. వేళ్ళు విచ్చుకుంటాయి, ఒకదాని మీద ఒకటి ఎక్కుతాయి, మధ్యవేలు మెల్లిగా వంగి లేస్తుంది. అలంకారం లేదు, ముద్ర లేదు, దీపాల మాయ లేదు. ముఖం ఇందులోనూ లేదు. అయినా ఆమె మాయమైందని నాకనిపించలేదు. మంచాన పడ్డ దేహం తనకి మిగిలినదానితో తన నాట్యం తనే నిర్ణయించుకుంది. ఏది చూపించాలో, ఏది దాచుకోవాలో ఆమె ఇష్టం.

ముఖం ఉన్నా లేకపోయినా, చర్మం వెలిగినా కరిగినా, నేను ఇప్పుడు ఏ సినిమా చూసినా మూడు ప్రశ్నలు వేసుకుంటున్నాను. ఆ వెలుగు కింద నిలబడిన మనిషి 'ఇక చాలు' అనగలిగిందా? ఆమె తాళం ఆమెకి మిగిలిందా? తెర మీద చూసుకున్నప్పుడు 'ఇది నేను చేసినదే' అని తనకి తాను చెప్పుకోగలదా? ఈ మూడింటికీ అవునని వస్తే ఆమె గీతగా మారనీ, మెరుపుగా మారనీ, అది ఆమె ప్రయాణం. కాదని వస్తే ఎంత గొప్ప కాంతి అయినా అది ఒకరి ఒంటి మీద నుంచి తీసుకున్నదే. ఈ లెక్కలో 'పా ద దూ' అందం తగ్గదు. ఆ అందానికి ఎవరు ఏమిచ్చారో మాత్రం తెలుస్తుంది.

మన పురాణాల్లో సూర్యుడి భార్య సంజ్ఞ కథ ఉంది. భర్త వెలుగు భరించలేక తన నీడకి ప్రాణం పోసి, ఆ ఛాయని ఇంట్లో పెట్టి వెళ్ళిపోయింది. పుట్టింటికి వెళితే తండ్రి విశ్వకర్మ కూడా ముందు మొగుడి దగ్గరికే వెళ్ళమన్నాడు. చివరికి అదే తండ్రి సూర్యుడిని సానమీద పెట్టి ఆ తేజస్సుని కొంత అరగదీశాడు. ఈ కథని పతివ్రతలకి నీతిగా చెప్పేవాళ్ళున్నారు. నాకు మాత్రం అందులో నచ్చేది ఒక్కటే. భరించడం నేర్చుకొమ్మని ఆమెకి చెప్పినంతకాలం ఏదీ చక్కబడలేదు. వెలుగుని సరిచేశాకే చక్కబడింది. ఇంతకీ ఆ ఇంట్లో సంజ్ఞ బదులు నిలబడి, ఆ వేడినంతా భరించి, పిల్లలని కని పెంచిన ఛాయకి ఏం కావాలో ఎవరూ అడిగినట్టు లేదు. లూమియేర్ ఫిల్ములో పేరు తెలియని ఆ స్త్రీని చూసినప్పుడల్లా నాకు ఆవిడే గుర్తొస్తుంది.